గొడుగాయనకు మాటలిచ్చిన భాయ్

భాయ్ పోయాడన్న కబురు నాకు కరీంనగర్ మేస్త్రి చెప్పాడు. "సిస్టర్, కడపల మన సినిమా భాయ్ పోయిండట. పొద్దుగాల్నే మట్టి ఇచ్చిన్రట" అని ఫోన్లో గొంతు పంపాడు. అప్పుడు నేను మస్కట్ బౌషర్‌లో, మా ఆసుపత్రి క్యాంటీన్‌లో టీ తాగుతున్నాను. ఆయన ముఖం కంటే ముందు ఆయన చొక్కా చేతులు గుర్తొచ్చాయి నాకు. ఎండాకాలం ఒమన్‌లో మనిషి చర్మం ఊడి వస్తుందా అన్నట్టుంటుంది. అలాంటి రోజుల్లో కూడా ఆయన ఇస్త్రీ చేసిన పొడుగు చేతుల తెల్ల చొక్కా వేసుకుని, రెండు మణికట్ల దగ్గరా గుండీలు పెట్టుకుని వచ్చేవాడు. డ్యూటీలో ఉన్నప్పుడు ఏసీ మెకానిక్కు, కంపెనీ ఇచ్చిన నీలం బట్టలు. డ్యూటీ దిగితే మాత్రం సినిమా ఆపరేటర్. "ఆపరేటర్ అనేటోడు మాసిన చొక్కాతో తెర ముందర నిలబడకూడదు సిస్టరమ్మా" అనేవాడు.

ఆయన్ని మొదట చూసింది డ్రెస్సింగ్ రూమ్‌లో. కుడి కాలి బొటనవేలి కింద షుగరు పుండు. రోజు విడిచి రోజు వచ్చేవాడు. పుండు శుభ్రం చేస్తుంటే కొందరు అరుస్తారు. కొందరు నన్ను తిడతారు. మా గోదావరి వైపు వాళ్ళయితే ప్రభువును పిలుస్తారు. ఈయన కళ్ళు మూసుకుని ఒక పాట పాడేవాడు. నెమ్మదైన పాట, మధ్యలో "లోక్షన్, లోక్షన్" అని సాగదీసే మాట ఒకటి. మూడో రోజో నాలుగో రోజో ఉండబట్టలేక అడిగాను.

"ఏం పాటండి భాయ్ అది? అరబ్బీనా?"

"కాదు."

"మరి?"

"ఏ భాషో నాకు తెలీదు సిస్టరమ్మా. పాట మాత్రం బాగా తెలుసు."

"భాష రాకుండా పాట ఎలా వచ్చిందండి?"

ఆయన ఒక కన్ను తెరిచాడు. "ఉయ్యాల్లో ఉన్నెప్పుడు నీకు తెలుగు వచ్చునా? మీయమ్మ పాడ్తే నిద్ర పోలేదా?"

ఆ రోజు కట్టు కట్టేసరికి కథ అంతా తెలిసింది. గల్ఫ్‌కు రాకముందు ఆయన కడప జిల్లాలో ఒక టూరింగ్ టాకీస్‌లో ఆపరేటర్. ఒమన్ వచ్చిన కొత్తలో బహ్లా దగ్గర ఒక సైట్‌లో పని దొరికింది. అక్కడ ఒక అమెరికా ఇంజనీరు ఉండేవాడు. ఆయన దగ్గర చిన్న ప్రొజెక్టర్ ఒకటి, రేకు డబ్బాల్లో మూడు రీళ్ళూ ఉండేవి. ప్రొజెక్టర్ పాడయితే భాయ్ బాగుచేసి పెట్టాడు. దేశం వదిలిపోయే రోజు ఆ ఇంజనీరు మొత్తం సామాను భాయ్ చేతిలో పెట్టి, "ఇది మా అమ్మ సినిమా" అన్నాడట. అంతకుమించి చెప్పలేదు. మొదటి రీలు ముందు భాగం తెగిపోయింది కాబట్టి సినిమా పేరు కూడా లేదు.

"మా అమ్మ సినిమా" అంటే వాళ్ళమ్మ అందులో వేషం వేసిందనే భాయ్ అనుకున్నాడు. అందుకే ఆ సినిమాలో కిటికీ దగ్గర కూర్చునే ముసలావిడ కనబడ్డ ప్రతిసారీ జనానికి చూపించేవాడు. "అదిగో, మా ఇంజనీరు సారు తల్లి. ఎట్ల కూర్చోనుండాదో సూడు, రాణి మాదిరి."

నేను ఆ ఆట చూసింది ఘలాలో, ఒక కార్పెంటరీ షెడ్డులో. షెడ్డు అర్బాబ్, అంటే యజమాని, ఒక పెద్దమనిషి. శుక్రవారం షెడ్డు మూసి ఉంటుంది కాబట్టి తాళం భాయ్‌కి ఇచ్చేవాడు. రెండు వారాలకొక శుక్రవారం జుమ్మా నమాజు, భోజనాలు అయ్యాక మధ్యాహ్నం నాలుగింటికి ఆట. కిటికీలకు దుప్పట్లు కట్టేవారు. రంపపు పొట్టు వాసన. పలకలు పరిచి, డబ్బాలు బోర్లించి, నలభై యాభై మంది కూర్చునేవారు. కరీంనగర్, నిజామాబాద్, కడప, రాజమండ్రి, ఎవరి యాసలో వాళ్ళు. మా వారూ నేనూ వెళ్ళిన రోజు మాలాంటి జంటలు ఇంకో మూడు ఉన్నాయి.

భాయ్ ముందు సబ్బుతో చేతులు కడుక్కున్నాడు. తువ్వాలుతో ఒక్కొక్క వేలూ తుడుచుకున్నాడు. "చెయ్యి తడిగుంటే బొమ్మకు జ్వరం వస్తాది" అన్నాడు నా వైపు చూసి. రీలు ఎక్కించాడు. దీపం వెలిగింది. ఆయన వెళ్ళి తెర పక్కన నిలబడ్డాడు. ఆట అయ్యేదాకా కూర్చోడు. పుండు ఉన్న కాలైనా సరే. నేను కుర్చీ జరిపితే చేత్తో వద్దన్నాడు. "కూర్చుంటే మనమూ జనంలో కలిసిపోతాము. నిలబడాల."

నలుపు తెలుపు బొమ్మ. పెద్ద పట్నంలో ఇరుకు వీధి. గడ్డం రొట్టెలాయన, ఆయన కూతురు, క్లారినెట్ వాయించే కుర్రవాడు, కిటికీ దగ్గర ముసలావిడ, చేతిలో ఎప్పుడూ గొడుగుతో తిరిగే ఒక బక్కమనిషి. ఎవరేం మాట్లాడుతున్నా భాయ్ వాళ్ళ తరఫున తెలుగులో మాట్లాడేవాడు. రొట్టెలాయనకు కడప భూస్వామి గొంతు, కూతురికి సన్న గొంతు, గొడుగాయనకు ముక్కుతో మాట్లాడే గొంతు. పాట వచ్చినప్పుడు మాత్రం సౌండు పెంచి తాను నోరు మూసేవాడు.

జనం ఎదురుచూసే ఘట్టాలు రెండు. మొదటిది గొడుగాయనది. వాన కురుస్తోంది. ఆయన ఒక మూసిన తలుపు ముందు నిలబడి, చేతిలో కాగితం పట్టుకుని, గబగబా ఏదో చెబుతుంటాడు. మాటమాటకీ "మామె, మామె" అంటాడు. గొడుగుకు చిల్లు. బూటు ముందు భాగం ఊడి నోరు తెరిచింది.

భాయ్ అందుకునేవాడు. "మామా, తలుపు తియ్యి మామా. నీ కూతుర్ని పూలల్లో పెట్టి సూసుకుంటా. ఇదిగో, కలెక్టరు ఇచ్చిన సిఫారసు ఉత్తరం. నాకు రెండు మిద్దెలు, మూడు గుర్రబ్బండ్లు ఉండాయి మామా. బూటు సూసి మోసపోవాకు, అది ఇంట్లో తొడిగే బూటు."

షెడ్డు కప్పు లేచిపోయేలా నవ్వేవారు. మేస్త్రి వెనక నుంచి కేకేసేవాడు. "భాయ్, గా గొడుగాయనది ఇంకోపారి ఏయ్." భాయ్ రీలు వెనక్కి తిప్పి మళ్ళీ వేసేవాడు. రెండోసారి గుర్రబ్బండ్లు ఆరయ్యేవి.

రెండో ఘట్టం చివర్లో. పెళ్ళి విందు. రొట్టెలాయన ముసలావిడ ముందు నిలబడి ఆ లోక్షన్ పాట పాడతాడు. ఆవిడ కళ్ళ నుంచి ధారగా నీళ్ళు. పాటకు ముందు భాయ్ గొంతు తగ్గించి నాలుగు మాటలే చెప్పేవాడు. "లోక్షన్ అనేటోడు ఈయమ్మ కొడుకు. సముద్రం దాటి పనికి పోయినాడు, తిరిగి రాలే. అందరూ పెండ్లి బువ్వ తింటాండారు. ఈయమ్మ ముట్టదు. తిను తల్లీ అని అడుగుతాండాడు." ఇంక మాట్లాడేవాడు కాదు. ఆ చీకట్లో ముక్కులు ఎగబీల్చే చప్పుడు నాకు బాగా గుర్తు. నేనూ ఏడ్చాను. ఆ తర్వాత వార్డులో పని చేసుకుంటూ నాకు తెలియకుండానే ఆ పాట పాడుకోవడం అలవాటయింది.

అలా నాలుగేళ్ళు. ఆయన పుండు మానేది, మళ్ళీ వచ్చేది. మనిషి ధీమా తగ్గలేదు. ఆటలో ఎవడైనా ఫోను మాట్లాడితే ప్రొజెక్టర్ ఆపేసి, "నువ్వు ముగించుకో నాయనా, వాళ్ళు ఎన్నో ఏండ్లు ఆగినోళ్ళు, ఇంకో రెండు నిమిషాలు ఆగుతారు" అనేవాడు. అయితే రీళ్ళు చెడిపోతున్నాయి. డబ్బా మూత తీస్తే పుల్లటి వాసన కొట్టేది. ఫిల్ము ముడుచుకుపోయి పళ్ళ చక్రానికి సరిగ్గా పట్టేది కాదు. "నాకు షుగరు, దీనికి సిర్కా" అని నవ్వేవాడు. సిర్కా అంటే వాళ్ళింట్లో వెనిగర్. గదిలో మంచం ఏసీకి దూరంగా జరుపుకుని డబ్బాలను ఏసీ గాలికి పెట్టాడని మేస్త్రి చెప్పాడు.

కిందటి చలికాలంలో, ఓడల్లో టూరిస్టులు దిగే రోజుల్లో, ఒక అమెరికా ముసలావిడ మా వార్డుకు వచ్చింది. మత్రా బజారు మెట్ల మీద జారిపడి మణికట్టు విరిగింది. ఆపరేషన్ అయింది. ఓడ వెళ్ళిపోయింది. ఎనభై ఆరేళ్ళ మనిషి, బడిపంతులమ్మగా చేసి రిటైరయిందట. ఒక ఉదయం ఆవిడకు బీపీ చూస్తూ నేను ఆ పాట తీస్తున్నాను. లోక్షన్ దగ్గర గొంతు వణికించడం అలవాటు. ఆవిడ కళ్ళు తెరిచి నన్నే చూస్తోంది.

"మళ్ళీ పాడు" అంది ఇంగ్లీషులో.

పాడాను. ఆవిడ పెదాలు బిగబట్టింది. ఇక ఆగలేక నవ్వింది. నవ్వుతుంటే కట్టు కట్టిన చెయ్యి నొప్పెట్టి, దాన్ని రెండో చేత్తో పట్టుకుని మరీ నవ్వింది.

"అమ్మాయీ, నూడుల్స్ గురించి అంత దుఃఖంగా పాడతావెందుకు?"

"నూడుల్సా?"

"లోక్షన్ అంటే నూడుల్స్. చేప ఉంది, కోడి పులుసు ఉంది, ఊరేసిన దోసకాయ ఉంది, నూడుల్స్ ఉన్నాయి. పెళ్ళి భోజనం పాట అది. ఈ పాట నీకెక్కడిది?"

ఆవిడ మంచం పక్కన కూర్చుని చెప్పాను. విన్నకొద్దీ ఆవిడ నవ్వు తగ్గింది. ఆ భాష పేరు యిడ్డిష్ అని చెప్పింది. తూర్పు ఐరోపా నుంచి బతకడానికి అమెరికా వచ్చిన యూదుల ఇంటి భాష. ఆ జనం దాన్ని అమ్మ భాష అంటారట. ఇంజనీరు "మా అమ్మ సినిమా" అన్నది అందుకేనేమో. న్యూయార్క్‌లో ఆ భాషలో నాటకాలు ఆడేవాళ్ళు, ఆ నాటకాల వాళ్ళతోనే పాటలూ హాస్యమూ కలిపి సినిమాలు తీశారు. చేతిలో పెద్దగా పైకం లేక కొద్ది రోజుల్లోనే ముగించేవారట. పగలంతా బట్టలు కుట్టే షాపుల్లో కళ్ళు పాడుచేసుకున్నవాళ్ళు సాయంత్రం వెళ్ళి చూసి నవ్వి, ఏడ్చి, ఇంటికొచ్చేవాళ్ళు. వాళ్ళమ్మ ఈవిడను ఒళ్ళో కూర్చోబెట్టుకుని అలాంటివి చూపించిందట. "చాలావాటికి ఇప్పుడు ఒక్క కాపీ కూడా లేదు. ఇది నేను చూసినదో కాదో చూస్తే తప్ప చెప్పలేను" అంది.

రెండు రోజులు భాయ్‌కి ఈ సంగతి చెప్పలేకపోయాను. మూడో రోజు డ్రెస్సింగ్‌కు వచ్చాడు. ఆయన పాదం నా చేతిలో ఉంది. చెప్పాను. పాదం ఒక్కసారి కదిలింది.

"సేమ్యా మాదిరివా?" అన్నాడు.

"అలాంటివేనటండి."

"ఇన్నేండ్లూ సేమ్యా కోసమా నేను జనాన్ని ఏడిపించింది?"

ఆ రోజు ఆయన పాడలేదు. నేను దూదితో తుడుస్తుంటే పళ్ళు బిగించుకుని నొప్పి ఓర్చుకున్నాడు. తర్వాతి డ్రెస్సింగ్‌కు రానే లేదు. నాకు భయమేసింది. నేను నోరు మూసుకుని ఉండాల్సింది అనుకున్నాను. ఆ పై వారం వచ్చాడు, అదే ఇస్త్రీ చొక్కాతో.

"ఆయమ్మను పిల్చుకొని రా సిస్టరమ్మా. మొత్తం తెలుసుకోవాల."

"పూర్తిగా తెలిస్తే మీ కథ పాడైపోదా భాయ్?"

"తెలీక సెప్పింది వేరే. తెలిసినాక గూడ అదే సెప్తే అది అబద్ధం. ఆపరేటర్‌కి ఆ పేరు రాగూడదు."

ఆవిడ ఆసుపత్రి నుంచి విడుదలై హోటల్‌లో ఉంది, విమానం ఎక్కడానికి డాక్టరు ఇంకా వారం ఆగమన్నాడు. శుక్రవారం రెండింటికి, జనం రాకముందే, మా వారు కారులో షెడ్డుకు తీసుకొచ్చారు. భాయ్ ఆవిడకు సలాం చేసి, ఉన్న ఒక్క మెత్తటి కుర్చీ వేశాడు. తాను ఎప్పటిలా తెర పక్కన నిలబడ్డాడు. కానీ ఆ ఆటకు ఆయన నోరు తెరవలేదు. ఆవిడ ఇంగ్లీషులో చెప్పింది, నేను తెలుగులో ఆయనకు చెప్పాను. చాలావరకు ఆయన ఊహించింది నిజమే. రొట్టెలాయన నిజంగానే కూతురికి క్లారినెట్ కుర్రవాణ్ణి ఇవ్వనన్నాడు. ఒక్కో సంగతి సరిపోయినప్పుడల్లా భాయ్ నావైపు చూసి తల ఊపాడు, పరీక్షలో మార్కులు వచ్చిన పిల్లవాడిలా.

గొడుగాయన వచ్చాడు. ఆయన పెళ్ళికొడుకు కాదు, పెళ్ళిళ్ళు కుదిర్చేవాడట. వాన మొదలయింది. మూసిన తలుపు. చేతిలో కాగితం. నేను నవ్వడానికి సిద్ధమయ్యాను, అలవాటు కొద్దీ. పక్కన ఆవిడ మాట్లాడటం మానేసింది.

"ఏమంటున్నాడు? మామా అంటే ఎవరు?" అని అడిగాను.

"మామె. అమ్మ" అంది ఆవిడ. "ఊరికి ఉత్తరం రాశాడు. వాన తగ్గేదాకా పంచ కింద నిలబడి, పోస్టు డబ్బాలో వేసేముందు ఒకసారి చదువుకుంటున్నాడు."

ఆవిడ ఒక్కో వాక్యమూ చెప్పింది. నేను తెలుగు చేశాను. "అమ్మా, నేను బాగున్నాను. ఇక్కడ వానలు తక్కువ. మూడు పూటలా కడుపు నిండా తింటున్నాను. నా బూట్లు కొత్తవి. నా గది పెద్దది, కిటికీ తీస్తే నది కనబడుతుంది. ఈ పట్నంలో పెళ్ళిళ్ళన్నీ నా చేతి మీదే జరుగుతున్నాయి. నాకూ మంచి సంబంధాలు వస్తున్నాయి, ఎంచుకోవడమే ఆలస్యం. వచ్చే ఏడు వస్తానమ్మా. తప్పకుండా వస్తాను."

భాయ్ తెరనే చూస్తున్నాడు. బూటు నోరు తెరిచింది. నీళ్ళు లోపలికి పోతున్నాయి. ఆయన నెమ్మదిగా ఒక పలక మీద కూర్చున్నాడు. ఆట నడుస్తుండగా ఆయన కూర్చోవడం నేను చూసింది అదొక్కసారే. కాసేపటికి లేచి ప్రొజెక్టర్ ఆపాడు. రీలు వెనక్కి తిప్పాడు. మళ్ళీ వేశాడు. అలా మూడుసార్లు. మూడోసారికి నా తెలుగు ఆయనకు అక్కర్లేకపోయింది, పెదాలు కదుపుతూ తనే చెప్పుకుంటున్నాడు.

చివరి పాట వచ్చింది. చేప, కోడి పులుసు, నూడుల్స్. ముసలావిడ కళ్ళనీళ్ళు. "ఆమె ఏడవడం లేదు" అని నవ్వింది అమెరికా ఆవిడ. "ఒళ్ళో చూడు, ఘాటు దుంప తురుముతోంది. చేపతో నంజుకునేది. కళ్ళు మండుతున్నాయి. అదే హాస్యం."

నేను చెప్పగానే భాయ్ తెరకు దగ్గరగా వెళ్ళి ఆ ముసలి ముఖాన్ని చూశాడు.

"దుంప సాకు పెట్టి ఏడ్సే ఆడోళ్ళను నువ్వు సూళ్ళేదా సిస్టరమ్మా? మాయమ్మ ఉల్లిగడ్డ తరిగేటప్పుడే ఏడ్సేది, మా నాయనకు తెలీకుండా. ఆయమ్మకు సెప్పు. సేమ్యా అంటే సేమ్యానే. కన్నీళ్ళు మాత్రం దుంపవి కాదు."

ఆవిడకు చెప్పాను. ఆవిడ ఆలోచించింది. "మా అమ్మ కూడా దుంప తురిమే రోజు చాలాసేపు తురిమేది" అంది.

నాలుగింటికి జనం వచ్చారు. షెడ్డు నిండింది. భాయ్ తెర ముందుకొచ్చాడు. ఇన్నాళ్ళూ తనకు భాష తెలియక కొన్ని తప్పులు చెప్పానని, ఈ అమ్మ వచ్చి సరిదిద్దిందని చెప్పాడు. "ఏ భాష భాయ్?" అన్నారెవరో. "యిడ్డిష్. యూదులది. అమెరికాకు కూలికి పోయినోళ్ళది" అన్నాడు, మాట నాన్చకుండా. ముందు వరసలో ఉన్నతను లేచి చెప్పులు తొడుక్కున్నాడు. భాయ్ అతనికి దారి ఇచ్చాడు. అతను వెళ్ళాక దుప్పటి సరిచేసి దీపం వేశాడు. నేను అమెరికా ఆవిడ వైపు చూడలేకపోయాను. ఆవిడే నా చెయ్యి తట్టింది.

గొడుగాయన వానలోకి వచ్చేసరికి జనం ముందే నవ్వడం మొదలుపెట్టారు. భాయ్ ముక్కు గొంతు తీయలేదు. తన గొంతుతోనే చెప్పాడు.

"అమ్మా. నేను బాగుండా. ఈడ ఎండ ఏం లేదు. మూడు పూట్ల తింటాండా. నా రూమ్ పెద్దది, నేనొక్కన్నే ఉంటా. మా అర్బాబ్ నన్ను కొడుకు మాదిరి సూసుకుంటాడు. బూట్లు నిన్ననే కొన్న్యా. వచ్చే రంజాన్‌కు వస్తానమ్మా. తప్పకుండా వస్తా."

నవ్వు మధ్యలో తెగిపోయింది. ఇది పాడైపోయింది అనుకున్నాను. అప్పుడు వెనక నుంచి మేస్త్రి గొంతు.

"నేను గిట్లనే చెప్తున్న కదరా మా అవ్వకు. ఏసీ రూమ్ల పంటున్న అని."

పక్కవాడు పక్కున నవ్వాడు. "నేనైతే సూపర్వైజర్ అయిన అని చెప్పిన."

"మా ఇంటిదానికి నేను బిర్యానీ వండుకుంటున్నానని చెప్పానండి. పొద్దున్న కుబ్బూస్, రాత్రి కుబ్బూస్." ఇది మా రాజమండ్రి అబ్బాయి. కుబ్బూస్ అంటే ఇక్కడ అందరికీ కడుపు నింపే రొట్టె.

ఇక షెడ్డంతా అదే. ఒక్కొక్కడూ తన అబద్ధం ఒప్పుకోవడం, మిగిలినవాళ్ళు పలకలు చరుస్తూ నవ్వడం. గుర్రబ్బండ్లకు ఎన్నడూ అంత నవ్వలేదు వాళ్ళు. కళ్ళు తుడుచుకుంటూ నవ్వారు. ఎవరో అడిగారు, "నువ్వేం చెప్తవ్ భాయ్ ఇంట్ల?" అని.

"గమ్మునుండండి, ఫిల్ము తెగిపోతాది" అన్నాడు భాయ్.

విందు పాటకు ముందు ఆయన కొంచెం తటపటాయించాడు. "పాటలో ఉండేది తిండి పేర్లు. లోక్షన్ అంటే సేమ్యా అంట. అది వీళ్ళ మాట. ఈయమ్మ ఎందుకు ఏడుస్తాండాదో మాత్రం ఎవరూ రాసిపెట్టలేదు. నా లెక్కలో ఈమె కొడుకు ఇంకా రాలే." ఆ పైన సౌండు పెంచాడు. చేపలకూ, సేమ్యాకూ ఎప్పటిలాగే ముక్కులు ఎగబీల్చిన చప్పుళ్ళు వచ్చాయి. ఆయన చెప్పిన తెలుగు ఒక్క ముక్కా అర్థం కాని అమెరికా ఆవిడ కూడా ఏడ్చింది. "జీవితంలో మొదటిసారి నూడుల్స్ కోసం ఏడ్చాను" అంది కారెక్కుతూ.

వెళ్ళేముందు ఆవిడ ఇంకో మాట చెప్పింది. ఇలాంటి పాత సినిమాలను కాపాడి, శుభ్రం చేసేవాళ్ళు అమెరికాలో ఉన్నారు, ఈ రీళ్ళు ఇస్తే తానే తీసుకువెళ్ళి అప్పగిస్తాను అంది. తాను ఇది ఎన్నడూ చూడలేదనీ, ఇదే ఆఖరి కాపీ అయినా కావచ్చుననీ చెప్పింది. నేను భాయ్ ముఖం చూశాను. ఆయన ఒక రోజు గడువు అడిగాడు. మర్నాడు సాయంత్రం హోటల్‌కు మూడు డబ్బాలూ తెల్ల గుడ్డలో చుట్టి తెచ్చాడు.

"పదకొండు అతుకులుండాయి. ఆరోది ఇంజనీరు సారు ఏసింది, గట్టిది. మిగిలినవి నావి, పైలంగా సూసుకోమను. ఎండలో పెట్టొద్దు. నా కాడ ఉంటే ఇంకో ఏడాదికి సిర్కా అయిపోతాది. పోనీ."

"ఇచ్చినవారి పేరు ఏమని రాయమంటారు?" అని ఆవిడ అడిగింది.

"ఆపరేటర్ అని రాయండి. సాలు."

డబ్బాలు అప్పగించాక ఆయన చేతులు ఏం చేయాలో తెలియనట్టు కాసేపు చొక్కా గుండీలు సవరించుకున్నాడు. బౌషర్ దాకా మా కారులోనే వచ్చాడు.

నాలుగు శుక్రవారాలు షెడ్డు మూసే ఉంది. ఆ పై శుక్రవారం మేస్త్రీ వాళ్ళే దుప్పట్లు కట్టి, పలకలు పరిచి, ఆయన్ని రూమ్ నుంచి పట్టుకొచ్చారు. రీలు లేని ప్రొజెక్టర్ దీపం వేశారు. తెర మీద తెల్లటి వెలుతురు. భాయ్ దాని పక్కన నిలబడి మొదటి నుంచి చివరి దాకా సినిమా మొత్తం చెప్పాడు. వీధి చెప్పాడు, వాన చెప్పాడు, రొట్టెలాయన గడ్డం చెప్పాడు, పాటలన్నీ పాడాడు. గంటన్నర. నేను చాలా సినిమాలు చూశాను. అంత స్పష్టంగా చూసింది మాత్రం అదే.

ఎండలు ముదిరేసరికి ఆయన కాలికి రెండు వేళ్ళు తీసేయాల్సి వచ్చింది. కంపెనీ వీసా ముగించింది. కడప వెళ్ళిపోయాడు. విమానాశ్రయంలో చక్రాల కుర్చీ ఎక్కమంటే ఎక్కలేదు, కర్రతో నడిచాడు.

ఆ తర్వాత కొన్నాళ్ళకు అమెరికా నుంచి శుభ్రం చేసిన సినిమా నా ఫోనుకు వచ్చింది. ఆయనకు పంపాను. గంటన్నర తర్వాత, ఒక్క నిమిషం ఎక్కువా కాదు తక్కువా కాదు, ఆయన ఫోను చేశాడు.

"బాగ కడిగినారు సిస్టరమ్మా. గీతలన్నీ పోయినాయి. గొడుగాయన ముఖంలో అమ్మవారి మచ్చలుండాయి, సూసినావా? ఇన్నేండ్లూ అది ఫిల్ముకు తగిలిన దెబ్బ అనుకుంటి. పాపం, మనిషిదే."

అదే ఆయన నాతో మాట్లాడిన ఆఖరి మాట.

మేస్త్రి కబురు వచ్చిన నాలుగు రోజులకు కడపకు ఫోను చేశాను. ఆయన కూతురు మాట్లాడింది, అక్కడే ఏదో బడిలో టీచరట. వెనక బంధువుల గొంతులు వినబడుతున్నాయి. నేను పలకరించాల్సిన నాలుగు మాటలూ పలకరించాను. ఫోను పెట్టేస్తుందనుకున్నాను. ఆ అమ్మాయి గొంతు తగ్గించింది.

"ఆంటీ, ఒకటి అడగాల. మా అబ్బాకు మస్కట్లో సొంత సినిమా హాలుండేదంట గదా. మా దాదీమాకు, అబ్బా వాళ్ళమ్మకు, ప్రతి ఉత్తరంలో రాసేటోడు. ఆమె పోయేదాకా ఊరంతా అదే సెప్పుకునింది. మాకూ అట్లనే సెప్పినాడు. ఇప్పుడు ఈడ అందరూ అదంతా ఉత్తదే, ఏసీలు రిపేరు సేసుకునేటోడు అంటాండారు. నువ్వు ఆడనే ఉండావు గదా. ఆ హాలు సూసినావా?"

ఆ జవాబు కోసం నేను వెతుక్కోవలసిన పని లేకపోయింది.

"చూశానమ్మా" అన్నాను. "ఘలాలో ఉండేది. శుక్రవారం నాలుగింటి ఆటకు చోటు దొరికేది కాదు. మా ఆయనా నేనూ ఎన్నిసార్లో నిలబడి చూశాం."

ఆ అమ్మాయి ఫోను పక్కకు తిప్పి, గదిలో వాళ్ళందరికీ వినబడేలా చెప్పింది.

"ఉండేదంట. సిస్టరు సూసిందంట."